నల్లబల్ల మీద ఆగిపోయిన లెక్క

గుంటూరు నుంచి వచ్చిన పెద్ద డాక్టర్లు చేతులెత్తేసిన మనిషి చేత నేను మాట్లాడించాను. మందూ మాకూ లేకుండా, ఒక్క సుద్దముక్కతో. నరసరావుపేటలో ఈ సంగతి తెలియనివాళ్ళు లేరు.

ఇట్లా మొదలుపెడితే బాగుంటుందని చాలా ఆలోచించి రాశాను. ఇప్పుడు చదువుకుంటే నాకే సిగ్గేస్తోంది. గుంటూరు నుంచి డాక్టర్లెవరూ రాలేదు. ఆయన్ని ఆటోలో ఇక్కడి ఆసుపత్రికే తీసుకెళ్తే, ఒక కుర్ర డాక్టరు నోరు తెరిపించి టార్చి వేసి చూశాడు. గొంతులో ఏ లోపమూ లేదు, మనసు కుదుటపడితే ఆయనే మాట్లాడతారు, పక్కన ఒక మనిషి ఉండేట్టు చూసుకోండి అన్నాడు. ఇక నరసరావుపేట అంతా అన్నాను గదా, తెలిసింది మా సందు చివర టీకొట్టు అతనికీ, మా ఇంటి ఓనరుగారికీ. వాళ్ళిద్దరూ నమ్మలేదు కూడా. సుద్దముక్క మాత్రం నిజం.

నేను గురజాల కోర్టులో అటెండరుగా చేసి రిటైరయ్యాను. వరండాలో నిలబడి పార్టీల పేర్లు పిలవడం నా పని. ఒక్కో పేరు మూడుసార్లు. నా పిలుపు బస్టాండు దాకా వినపడేదనీ, జడ్జిగారు తీర్పు చెప్పేముందు ఒకసారి నా మొహంలోకి చూసేవారనీ ఇప్పటికీ చెప్పుకుంటాను. బస్టాండు సంగతి గాలివాటాన్ని బట్టి. జడ్జిగారు నా మొహంలోకి చూసింది ఫ్యాను తగ్గించమని.

రిటైరయ్యాక నా ఇంటిదాని వైద్యం కోసం నరసరావుపేట వచ్చి ఒక గది అద్దెకు తీసుకున్నాం. ఆమె పోయింది. నేను వెనక్కి పోలేదు. పిల్లలు లేరు. మధ్యాహ్నం మెస్సు నుంచి క్యారేజీ వస్తుంది, అందులోదే రాత్రికీ దాచుకుంటాను. అన్నేళ్ళు ఊళ్ళవాళ్ళందరి పేర్లూ పిలిచినవాణ్ణి. ఇప్పుడు నన్ను పేరు పెట్టి పిలిచే మనిషి లేడు. క్యారేజీ తెచ్చే అతను 'పెద్దాయనా' అంటాడు, అదీ నిన్నటి గిన్నె తిరిగి ఇమ్మనడానికి.

మా ఎదురిల్లు లెక్కల మాస్టారిది. జిల్లా పరిషత్తు బడుల్లో చేసి రిటైరయిన మనిషి. వాళ్ళ వరండా గోడకు నడుం ఎత్తు నుంచి పైకి నల్లరంగు పూయించి దాన్నే బల్లగా వాడుకునేవాడు. సాయంత్రం పదో తరగతి పిల్లలకు ట్యూషను. నేను నా గుమ్మంలో కుర్చీ వేసుకుని, ఆయన గొంతు వింటూ కూర్చునేవాణ్ణి. చెప్పేది అర్థమయ్యేదని కాదు, ఒక గొంతు వినపడుతుండేది గదా అని. ఆదివారం చర్చి నుంచి వచ్చాక ఆయన భార్య గిన్నెలో కూర పట్టుకొచ్చి, 'అన్నయ్యగారూ, క్యారేజీ కూడు తినీ తినీ ఎండిపోతుండారు' అని నా అరుగు మీద పెట్టి వెళ్ళేది.

క్రిస్మస్ అయిన కొద్దిరోజులకు ఆమె పోయింది. ట్యూషను మధ్యలో వంటింట్లో ఏదో పడ్డ చప్పుడైంది. మాస్టారు చేతిలో సుద్దముక్కతోనే లోపలికి పరిగెత్తాడు. అంతే. సమాధుల తోట నుంచి తిరిగివచ్చిన రోజు నుంచి ఆయన మాట్లాడలేదు. అన్నం పెడితే తింటాడు, స్నానం చేస్తాడు, చొక్కా గుండీలు సరిగ్గా పెట్టుకుంటాడు. మాట ఒక్కటే లేదు. పాస్టరుగారు వచ్చి ఎంతోసేపు ప్రార్థన చేస్తే చివర ఆమెన్ కూడా అనలేదు. ట్యూషను పిల్లలు వేరేచోట చేరిపోయారు.

బల్ల మీద లెక్క మాత్రం ఆరోజు ఎంతవరకు వచ్చిందో అంతవరకే ఉండిపోయింది.

1/(x + 2) + 4/(x² − 4)

దాని కింద సమానం గుర్తు, పొడుగ్గా ఒక గీత. గీత కింద x² − 4 అని రాసి ఉంది. గీత పైన ఏమీ లేదు. కూతురు దాన్ని తుడవనివ్వలేదు.

ఆ అమ్మాయి కూడా టీచరే. శావల్యాపురం దగ్గర బడి, ఈ ఇంటి నుంచే పోయివస్తుంది. ఆమె మొగుడు వెల్దుర్తి వైపు టీచరు, శనివారం సాయంత్రం వచ్చి సోమవారం తెల్లారేసరికి బస్సెక్కుతాడు. వేసవిలో బదిలీలు ఉంటాయి, భార్యాభర్తలు ఒకేచోటికి కోరుకోవచ్చు. ఆమెకు కోరుకోవాలని ఉంది. కానీ తండ్రి వస్తానని అనడు, రానని అనడు. తల్లి పోయిన ఇల్లు, ఆయన కట్టించుకున్న ఇల్లు. నోరు లేని మనిషిని సామానుతో పాటు ఎక్కించుకుపోవడం ఆమెకు ఇష్టం లేదు.

ఒంటిపూట బడులు మొదలయ్యే ముందురోజు నా గది దగ్గరకు వచ్చింది. పొద్దున బడికి పోయి మధ్యాహ్నం వచ్చేదాకా నాన్న దగ్గర కాసేపు కూర్చోమని అడిగింది.

"ఒక్క మాట చెప్తే చాలు బాబాయ్, వస్తాననో రాననో. ఏది చెప్పినా నాకు సమ్మతమే. చెప్పకుండా ఎట్టా తీసుకుపోయేది, ఎట్టా వదిలిపెట్టేది?"

వారం తిరక్కుండా మాట్లాడిస్తాను, మొండి సాక్షుల నోరే తెరిపించిన చెయ్యి నాది అన్నాను. సాక్షుల నోరు తెరిపించేది వకీళ్ళు. నేను వాళ్ళకు మంచినీళ్ళు అందించేవాణ్ణి.

మర్నాటి నుంచి పొద్దున్నే నా కుర్చీ వాళ్ళ వరండాలోకి మారింది. ఆయన పడక్కుర్చీలో, నేను పక్కన, ఎదురుగా ఆ బల్ల. నాకు తెలిసిన కోర్టు కథలన్నీ చెప్పాను. దుర్గి నుంచి ఇద్దరు శిల్పులు ఒకే రాయి మాదంటే మాదని తగువుకొస్తే రాయినే బండి మీద కోర్టుకు తెప్పించిన కథ చెప్పాను. తెప్పించింది ఫొటో. ఆయన విన్నాడో లేదో తెలియదు. మిరపకాయల లారీ సందు మొగలో పోతే ఇద్దరం తుమ్మేవాళ్ళం, మా మధ్య జరిగిన సంభాషణ అదే.

ఒకరోజు విసుగొచ్చి గేటు దగ్గరికి పోయి నిలబడి, కోర్టు గొంతుతో ఆయన పేరు మూడుసార్లు పిలిచాను. ఇంటిపేరుతో సహా. ఎదురింటివాళ్ళు, పక్కింటివాళ్ళు బయటికొచ్చారు. మాస్టారు తలెత్తి చూశాడు. పలకలేదు. కోర్టులో అయితే పిలిచినా పలకనివాణ్ణి పక్కన పెట్టి, వచ్చినవాడి మాట విని తీర్పు ఇచ్చేస్తారు. ఇక్కడ వచ్చినవాణ్ణి నేనొక్కణ్ణే. నాకు ఏం తీర్పు వస్తుంది? కుర్చీలో వచ్చి కూర్చున్నాను.

ఆ మర్నాడు కరెంటు పోయింది. ఫ్యాను ఆగేసరికి వరండాలో నిశ్శబ్దం ఇంకా పెరిగింది. ఏదో ఒకటి చెయ్యకపోతే నాక్కూడా నోరు పడిపోయేట్టుందనిపించి లేచి, కిటికీ అంచున ఉన్న సుద్దముక్క తీసుకున్నాను. మాస్టారూ, ఈ లెక్క నేను పూర్తి చేస్తానండీ, పదో తరగతి లెక్కల్లో నాకు తొంభై వచ్చినయ్యి అన్నాను. నేను చదివింది తొమ్మిది. అదీ పోయింది.

పైన ఖాళీగా ఉంది. పై వరుసలో ఒకటి ఉంది, నాలుగు ఉంది, మధ్యలో కూడిక ఉంది. ఒకటీ నాలుగూ ఐదు. గీత పైన 5 అని పెద్దగా రాసి వెనక్కి తిరిగాను.

మాస్టారు పడక్కుర్చీలో ముందుకు వంగి ఉన్నాడు. పెదవులు కదిలాయి. ఎండిపోయిన బోరులోంచి ముందు గాలి వచ్చినట్టు ఏదో వచ్చింది, ఆ వెనక మాట వచ్చింది.

"తప్పు."

ఆ మాట నాకు ఎంత తియ్యగా వినపడిందో చెప్పలేను. ఎందుకండీ తప్పు, ఎట్టా తప్పు అని పది రకాలుగా అడిగాను. ఆయన కళ్ళు మూసుకున్నాడు.

ఆయన చేత మాట్లాడించాలని నేను కావాలనే తప్పు రాశానని తర్వాత అందరికీ చెప్పాను. లెక్కల మాస్టార్లు దేన్నైనా ఓర్చుకుంటారు గానీ బల్ల మీద తప్పును ఓర్చుకోలేరు, ఆ కిటుకు పట్టుకున్నది నేనని టీకొట్టు దగ్గర వివరించాను. వినడానికి బాగుంటుంది. నిజానికి అది ఐదేనని ఆ క్షణం వరకూ నాకు ఏ అనుమానమూ లేదు.

అమ్మాయి మధ్యాహ్నం వచ్చేసరికి గేటు దగ్గరే నిలబడి ఉన్నాను. మీ నాయన మాట్లాడాడమ్మా అన్నాను. ఆమె సంచి నా చేతిలో పెట్టి లోపలికి పరిగెత్తింది. నాన్నా, నాన్నా అని ఆయన మోకాళ్ళ దగ్గర కూర్చుని పిలిచింది. ఆయన ఆమె తల మీద చెయ్యి వేశాడు. మాట లేదు. ఏమన్నాడు బాబాయ్ అని నన్నడిగింది. 'తప్పు' అన్నాడని చెప్తే సరిపోయేది. నేను ఆ ఒక్క మాటను ఉన్నదున్నట్టు వదిలిపెట్టలేకపోయాను. లెక్క మొత్తం చెప్పాడు, చివర్లో నీ గురించి కూడా అడిగాడు అన్నాను.

ఆమె నా మొహం చూసి, మెల్లగా లేచింది.

"మీరు సరదాకి చెప్పే మాటలు నాకు తెలుసు బాబాయ్. నవ్వుకుంటాం. దీంట్లో మాత్రం వొద్దు."

ఆ సాయంత్రం క్యారేజీ విప్పబుద్ధి కాలేదు. నిజంగా జరిగినది ఒకటి నా చేతిలో పడింది, దాన్నీ నేనే పాడుచేసుకున్నాను.

ఎలాగైనా ఆమె చెవుల ముందు ఆయన్ని మాట్లాడించాలని మర్నాడు ఆమె ఉండగానే సుద్దముక్క తీసుకున్నాను. ఈసారి నిజంగానే కావాలని, బల్ల మూలన ఒకటీ ఒకటీ మూడు అని రాశాను. మాస్టారు దానివంక చూసి, నావంక చూసి, మొహం అటు తిప్పుకున్నాడు. అమ్మాయి ఏమీ అనకుండా తడిగుడ్డ తెచ్చి ఆ మూల తుడిచేసింది.

అప్పుడు నాకు ఒక సంగతి తెలిసింది. ఆయనకు దొంగ తప్పుతో పని లేదు. జీవితమంతా పిల్లల తప్పులు చూసిన మనిషి, తెలియక చేసినదేదో తెలిసి చేసినదేదో ఇట్టే పోల్చుకుంటాడు. నిజమైన తప్పు కావాలంటే నేను నిజంగా ఆ లెక్క చెయ్యాలి. వేరే దారి లేదు.

అట్లా ఈ వయసులో బీజగణితంలో పడ్డాను. అమ్మాయి బడికి పోయాక నేనూ ఆయనా బల్లా. ఐదు తుడిచేసి ఇంకోటి రాశాను, మాస్టారు తల అడ్డంగా ఊపాడు. ఇంకోటి రాశాను. ఆరోజు ఆయన పడక్కుర్చీలోంచి లేచి బల్ల దగ్గరకు వచ్చాడు.

"పైన పైనే చూస్తుండావేందయ్యా. కింద చూడు. కింద రెండూ ఒకటి కానిదే పైన ఎట్టా కూడతావు?"

చూశాను. ఒకదాని కింద x + 2 ఉంది. రెండోదాని కింద x² − 4 ఉంది. అవి ఒకటి కావని నాకూ కనపడింది. వాటిని ఒకటి ఎట్లా చెయ్యాలో కనపడలేదు. ఆయన కిందటి దాన్ని విడగొట్టి చూపించాడు. ఎక్స్ స్క్వేర్ మైనస్ నాలుగు అంటే ఎక్స్ ప్లస్ రెండూ, ఎక్స్ మైనస్ రెండూ హెచ్చవేస్తే వచ్చేదట. అంటే మొదటిదాని కింద ఎక్స్ ప్లస్ రెండు ఎట్లాగూ ఉంది, ఇక లేనిదల్లా ఎక్స్ మైనస్ రెండు. అది చేరిస్తే రెంటికీ హారం ఒకటే అవుతుంది.

అంటే మాస్టారూ, మాచర్ల కోర్టులో ఒక కేసు, గురజాల కోర్టులో ఒక కేసు ఉంటే, రెండూ కలిపి వినాలంటే ముందు ఒకదాన్ని రెండో కోర్టుకు మార్పించుకోవాలి, అంతేగా అన్నాను. ఆయన నా పోలికను సరిదిద్దాడు.

"ఫైలొక్కటే వస్తే చాలదు. సాక్షులు కూడా రావాలి. కింద ఏది చేరిస్తే పైనా అదే చేర్చాలి. లేకపోతే కేసు మారిపోద్ది."

ఈ పోలిక మొత్తం నాదేనని చెప్పుకుంటూ తిరిగాను. సాక్షుల మాట ఆయనది. అది లేకపోతే నా పోలిక లెక్కకు పనికిరాదు. మొదటిదాని పైన ఉన్న ఒకటిని కూడా ఎక్స్ మైనస్ రెండుతో హెచ్చవెయ్యాలని నాకు తట్టేది కాదు.

అట్లా రోజుకు కొంచెం. ఆయన మాటలన్నీ లెక్క గురించే. భార్య గురించి లేదు, ఇంటి గురించి లేదు, ఎండ గురించి కూడా లేదు. కూతురు గేటు తీసిన చప్పుడు వినపడితే ఆయన గొంతు మళ్ళీ మూతపడేది. తల్లి పోయిన ఇంట్లో ఆ పిల్లతో ఏం మాట్లాడాలో ఆయనకు తెలియలేదేమో. నాతో అయితే ఎక్స్ ఉంది.

ఇక్కడ ఒకటి చెప్పాలి. ఆ రోజుల్లో నేను అడిగితే ఆయన చెప్పేవాడు. మాస్టారూ, మీ అమ్మాయి వెల్దుర్తి వైపు కోరుకుంటానంటోంది, మీరు పోతారా ఉంటారా అని లెక్క మధ్యలో ఒక మాట అడగడం నాకు ఎంతసేపు? అడగలేదు. లెక్క పాడవుతుందని అడగలేదని మొదట రాశాను, కొట్టేశాను. పోతానంటాడేమోనని అడగలేదు. పొద్దున లేస్తే పోవడానికి నాకు ఒక వరండా దొరికింది. ఏందయ్యా అని విసుక్కునే మనిషి దొరికాడు. అక్కడ ఆ అమ్మాయి బదిలీలకు పేరు ఇవ్వాల్సిన గడువు దగ్గరపడుతోంది, రోజూ నా మొహంలోకి చూస్తోంది, ఏమీ అడగడం లేదు. అడిగినా నమ్మేట్టు చెప్పలేని స్థితి నాది.

ఒంటిపూట బడులు ఇంక ముగుస్తాయనగా ఒకరోజు గీత పైన ఖాళీ నిండింది. మొదటిదాని వాటా ఎక్స్ మైనస్ రెండు, రెండోదాని వాటా నాలుగు. కలిపితే x − 2 + 4. మైనస్ రెండూ నాలుగూ కలిసి ప్లస్ రెండు. పైన x + 2, కింద x² − 4.

నేనే రాశాను. మాస్టారు ఒక్క మాటా అందించలేదు. నా వీపు మీద చెయ్యి వేశాడు. ఇంకా ఉంది, సూక్ష్మీకరించు అన్నాడు. అంటే చిన్నది చేసి చూపించమని.

ఇది నాకు తెలిసిన పని అనుకున్నాను. ఎట్లా తెలుసో చెప్పాలంటే మా వైపు కేసుల సంగతి చెప్పాలి. పల్నాడులో గట్టు దగ్గర నలుగురు కొట్టుకుంటే కేసు ఒకటి ఉండదు. వాళ్ళు వీళ్ళ మీద పెడతారు, వీళ్ళు వాళ్ళ మీద కౌంటరు పెడతారు. కొన్నేళ్ళు తిరిగి తిరిగి కాళ్ళు అరిగాక ఊరి పెద్దలు ఇరువైపులవాళ్ళనీ లోక్ అదాలత్‌కు తీసుకొస్తారు. మీ కర్ర దెబ్బ కేసు మీరు తీసుకోండి, మా కర్ర దెబ్బ కేసు మేం తీసుకుంటాం. అటు ఒకటి పోతే ఇటు ఒకటి పోతుంది. అటు పెద్దది ఉండి ఇటు చిన్నది ఉంటే, చిన్నదంత మేర పెద్దదాంట్లో తగ్గిస్తారు. వేలిముద్రల సిరాడబ్బా పట్టుకుని అట్లాంటి రాజీలు ఎన్ని చూశానో. ఇద్దరి దగ్గరా ఒకేరకందుంటే ఇద్దరూ వదిలేసి ఇంటికి పోవడం, నాకు తెలిసిన న్యాయం అదే.

కాబట్టి పైన ఎక్స్, కింద ఎక్స్ స్క్వేర్ కనపడగానే పైదానికి అడ్డగీత కొట్టాను, కిందిదాంట్లో ఒక ఎక్స్ మిగిల్చాను. పైన రెండు, కింద నాలుగు. పై రెండుకు గీత, కింద నాలుగు కొట్టేసి రెండు మిగిల్చాను. మధ్యలో మైనస్ జోలికి పోలేదు. పైన ఏమీ మిగల్లేదు గదా, ఒకటి వేశాను.

1/(x − 2)

మాస్టారు ఆ జవాబు వంక చూశాడు. దగ్గరకొచ్చి చూశాడు. నా అడ్డగీతలు ఒక్కొక్కటీ వేలితో తాకి చూశాడు. ఆయన భుజాలు కదలడం మొదలైంది. ఏడుస్తున్నాడేమోనని హడలిపోయాను. నవ్వుతున్నాడు. పడక్కుర్చీ పట్టుకుని, కళ్ళలో నీళ్ళు వచ్చేదాకా నవ్వాడు.

"నా సర్వీసంతా ఎక్స్ మీద గీత కొట్టే పిల్లకాయల్ని చూశా. చెవులు మెలేశా. వాళ్ళల్లో ఒక్కడికీ జవాబు కుదర్లా. నీకెట్టా వచ్చిందయ్యా ఇది?"

"రాజీ చేశానండీ."

"జవాబు ఒప్పే. చేసిందంతా తప్పు."

నేను ఒప్పుకోలేదు. జవాబు వచ్చాక తప్పేందండీ అన్నాను. ఆయన సుద్దముక్క లాక్కుని పక్కన ఇంకోటి రాశాడు. పైన x + 3, కింద x² + 9. దీన్నీ రాజీ చెయ్యమన్నాడు. చేశాను. పైన ఒకటి, కింద ఎక్స్ ప్లస్ మూడు వచ్చింది. ఇప్పుడు ఎక్స్ చోట ఒకటి పెట్టి చూడమన్నాడు. అసలుదాంట్లో పైన నాలుగు, కింద పది. నాదాంట్లో పైన ఒకటి, కింద నాలుగు. పదింట నాలుగూ నాలుగింట ఒకటీ ఒకటేనా అని అడిగాడు. కాదు. నా న్యాయం అక్కడ కూలిపోయింది.

"ఎక్స్ ప్లస్ రెండు అంటే ఇద్దరు మనుషులు కాదయ్యా, ఒక ఇల్లు. మధ్యలో ప్లస్ ఉంది చూడు, కలిసి ఉంటున్నారు. ఆ ఇంట్లో ఒకణ్ణి పక్కకు పిలిచి రాజీ రాయించుకుంటే చెల్లుద్దా మీ కోర్టులో?"

"చెల్లదండీ. ఉమ్మడిది అయితే అందరూ సంతకం పెట్టాల."

"మరి? ఇంటికి ఇల్లు రాజీ పడాల. కింద విడగొట్టు. ఎక్స్ ప్లస్ రెండు ఒక ఇల్లు, ఎక్స్ మైనస్ రెండు ఒక ఇల్లు. పైన ఏ ఇల్లుంది?"

"ఎక్స్ ప్లస్ రెండు."

"కింద?"

"అదే ఉంది."

"ఇప్పుడు కొట్టెయ్. మొత్తం ఇల్లు."

కొట్టాను. పైన ఒకటి, కింద x − 2. అదే జవాబు. కానీ ఈసారి అది ఎందుకు వచ్చిందో తెలిసింది. మాస్టారు దాని కింద రెండు గీతలు గీశాడు, ట్యూషనులో లెక్క అయిపోతే గీసేవాడు గదా, అట్లా.

అప్పుడు గేటు వైపు చూశాను. అమ్మాయి నిలబడి ఉంది. బడి సంచి భుజాన అట్లాగే ఉంది. ఎప్పటినుంచి వింటోందో తెలియదు. గేటు తీస్తే చప్పుడవుతుందని తియ్యకుండా బయటే, ఆ ఎండలో నిలబడిపోయినట్టుంది.

మాస్టారూ చూశాడు. మళ్ళీ మూతపడతాడనుకున్నాను. చేతిలో సుద్దముక్క ఉన్నందుకో ఏమో పడలేదు.

ఆమె గేటు తీసుకుని వచ్చి మెట్టు మీద కూర్చుంది. నెలలుగా జవాబు రాని ఆ మాటే, చాలా మామూలుగా అడిగింది.

"నాన్నా, నేను వెల్దుర్తి కోరుకోనా? నువ్వొస్తావా?"

మాస్టారు బల్లను చూశాడు. పైన మొదటి వరుస, ఆరోజు ఆయన రాసింది. కింద రెండు గీతలు, ఈరోజు గీసింది. వంటింటి గుమ్మం వైపు ఒకసారి చూశాడు. నేను నేల చూపులు చూస్తున్నాను.

"అక్కడ గోడకి నల్లరంగు వేయిస్తావా?"

ఆమె తల ఊపింది. నోట మాట రాలేదు. ఆ ఇంట్లో ఎవరో ఒకరికి మాట రాకుండా ఉండాలని రాసిపెట్టి ఉందేమో.

కాసేపటికి నా దగ్గరకు వచ్చి, బాబాయ్, ఆరోజు మిమ్మల్ని నమ్మలేదు, ఏమనుకోవద్దు అంది. నమ్మకపోవడమే మంచిదమ్మా, నీ గురించి అడిగాడన్నది నేను కల్పించిందే అన్నాను. నాకు తెలుసు అంది. ఆరోజు మధ్యాహ్నం వాళ్ళింట్లోనే నాకు అన్నం పెట్టారు. నేను గదికి వచ్చేసరికి క్యారేజీ గడపలో ఉంది. దాన్ని చూస్తే వాళ్ళు పోయాక ఇక ఇదేగా అనిపించింది.

బడులు తెరిచే ముందు వాళ్ళు వెళ్ళిపోయారు. లారీ ఎక్కించడానికి నేనూ సాయం చేశాను. సామాను మొత్తం నేనొక్కణ్ణే ఎక్కించానని టీకొట్టు దగ్గర చెప్పాను గానీ, నేను మోసింది పడక్కుర్చీ, అదీ ఒక పక్కన పట్టుకుని. మాస్టారు కారులో కూర్చోబోతూ పదో తరగతి పాత లెక్కల పుస్తకం నా చేతిలో పెట్టాడు. భిన్నాల అధ్యాయం దగ్గర పుల్ల పెట్టి ఉంది. చెయ్యి, కుదరకపోతే ఫోను చెయ్యి అన్నాడు. వీడ్కోలు మాట అదే.

ఆ ఇంటికి ఇంకా ఎవరూ అద్దెకు రాలేదు. తాళంచెవి నా దగ్గరే ఉంది, మొక్కలకు నీళ్ళు పొయ్యమని ఇచ్చారు. మొక్కలు రెండే. పొద్దున పోయి నీళ్ళు పోసి, నా కుర్చీ అక్కడే వేసుకుని కూర్చుంటాను. బల్ల మీద లెక్క అట్లాగే ఉంది, రెండు గీతలతో. దాని పక్కన ఖాళీలో నా లెక్కలు చేసుకుంటాను.

మొదట్లో రోజూ తప్పే. ఫోను చేసేవాణ్ణి. ఏం చేశావో చదువు అనేవాడు. చదివేవాణ్ణి. ఏందయ్యా, మళ్ళీ ఒక్కణ్ణే పక్కకు పిలిచి రాజీ చేశావు అని తిట్టేవాడు. వెనకనుంచి పిల్లల గొంతులు వినపడేవి, అక్కడ కూడా ట్యూషను మొదలుపెట్టాడు. వాళ్ళకు నా తప్పులు చెప్పి నవ్విస్తాడని అమ్మాయి చెప్పింది. వెల్దుర్తిలో పిల్లలందరికీ నేను తెలుసు. అందరికీ అంటే, ఆ వరండాలో కూర్చునే నలుగురికి.

కష్టమేమిటంటే, పోనుపోను నాకు వచ్చేయడం మొదలైంది. కింద విడగొట్టడం, లేనిది చేర్చడం, పైనా అదే చేర్చడం, ఇంటికి ఇల్లు కొట్టేయడం. పుస్తకం చివర జవాబులు చూసుకుంటే అన్నీ ఒప్పే. ఒప్పు వచ్చిందని ఒకసారి ఫోను చేశాను. మంచిది అన్నాడు. ఇద్దరికీ ఇంకేం మాట్లాడాలో తోచలేదు. ఎండలెట్టా ఉన్నయ్యి అన్నాడు. ఉన్నయ్యి అన్నాను. పెట్టేశాం.

తర్వాత రెండురోజులు చూసి, వచ్చిన లెక్కనే తప్పు చేసి ఫోను చేశాను. ఒకటీ నాలుగూ ఐదు అని పాత తప్పే చదివాను.

"ఇది దొంగ తప్పయ్యా. ఊరికే మాట్లాడాలనిపిస్తే ఊరికే చెయ్యి."

సరేనండీ అన్నాను. ఊరికే చెయ్యడం నాకు చేతకాదు. ఊరికే చేస్తే ఏం మాట్లాడాలి? నా ఇంటిదాని గురించి ఆయనకు చెప్పాలా, ఆయన ఇంటిదాని గురించి నేను అడగాలా? మా ఇద్దరికీ కింద ఉన్నది ఒకటేనని తెలుసు. దాన్ని పైకి చదువుకోవడం రాదు.

భిన్నాల అధ్యాయం పోయిన వారం అయిపోయింది. ఆఖరి లెక్క కూడా ఒప్పే వచ్చింది. సుద్దముక్క కిటికీ అంచున పెట్టి చాలాసేపు కూర్చున్నాను. ఫోను చెయ్యడానికి ఒక్క కారణమూ మిగల్లేదు.

ఈ పొద్దున మొక్కలకు నీళ్ళు పోసి, పుస్తకంలో తర్వాతి అధ్యాయం తెరిచాను. మొదటి పేజీ చదివాను. రెండోసారి చదివాను. కళ్ళజోడు తుడుచుకుని మూడోసారి చదివాను. ఒక్క ముక్క అర్థం కాలేదు. ఇది మాత్రం పెంచి చెప్పడం లేదు, నిజంగా ఒక్క ముక్క కూడా.

చాలా సంతోషమేసింది. ఆయన ట్యూషను అయ్యేదాకా ఆగి ఫోను చెయ్యాలి.